లారీ కొనే ముందు తెలుసుకోవలసినవి: నేషనల్ పర్మిట్, దానితోపాటు కావలసిన కాగితాలు

బళ్లారి, హొసూరు, బరంపురం, రాయగడ, సోలాపూరు, యానాం. మనవాళ్లు తరాలుగా ఉంటున్న ఈ ఊళ్లకు ఒక పోలిక ఉంది. ఊరు దాటి కొంతదూరం పోతే రాష్ట్రం మారిపోతుంది. అందువల్ల మన ఇళ్లలో ఎవరు లారీ కొన్నా అది మొదటి నెలలోనే సరిహద్దు దాటుతుంది. చుట్టాలు, తెలిసిన వ్యాపారులు, మాట కలిసే మండీలు ఆంధ్ర, తెలంగాణల్లో ఉంటాయి కాబట్టి లోడు కూడా ఎక్కువగా అటే దొరుకుతుంది.

ఈ రోజుల్లో లారీకి ఫైనాన్స్ దొరకడం పెద్ద కష్టం కాదు. అయితే ఆ లారీ ఎక్కడ లోడు ఎత్తి ఎక్కడ దించవచ్చు అన్న ప్రశ్న కొనే ముందు అడిగేవాళ్లు తక్కువ. కొన్నాక, మొదటి కేసు రాశాక అడుగుతారు. సంఘం ఆఫీసుకు కాగితాలు పట్టుకొని వచ్చేవాళ్లలో ఎక్కువమంది అలా ఆలస్యంగా వచ్చినవాళ్లే. గుమాస్తాగా పనిచేసి రిటైరైనవాణ్ణి కాబట్టి ఫారాలు, గడువులు నాకు అలవాటైన పని. కొత్తగా లారీ వ్యాపారం మొదలుపెట్టే కుటుంబాలకు పనికొస్తుందని మోటారు వాహనాల చట్టం (1988), కేంద్ర మోటారు వాహనాల నిబంధనలు (1989) ప్రకారం ఉన్న సంగతులను ఒకచోట రాస్తున్నాను. దీన్ని దాచి పెట్టుకోండి.

ఏ బండికి పర్మిట్ కావాలి?

కిరాయికి గానీ, సొంత సరుకుకు గానీ సామాను మోసే బండిని రవాణా వాహనం అంటారు. చట్టంలోని 66వ సెక్షన్ ప్రకారం అలాంటి బండి పర్మిట్ లేకుండా రోడ్డెక్కకూడదు. "నా కొట్టు సరుకే కదా, కిరాయికి తిప్పడం లేదు కదా" అనే మాట ఇక్కడ చెల్లదు.

మినహాయింపుల్లో ముఖ్యమైనవి రెండున్నాయి. బండి బరువు, అది మోసే బరువు కలిపి 3,000 కిలోలకు మించని చిన్న సరుకు బండికి పర్మిట్ అక్కర్లేదు. ఊళ్లలో తిరిగే చాలా ట్రాలీ ఆటోలు ఈ లెక్కలోకి వస్తాయి. ఆర్సీలో గ్రాస్ వెహికల్ వెయిట్ అని ఉన్న అంకె చూస్తే తెలిసిపోతుంది. రెండోది, 2018 అక్టోబరులో కేంద్రం ఇచ్చిన నోటిఫికేషన్ ప్రకారం బ్యాటరీతో నడిచే రవాణా వాహనాలకు కూడా పర్మిట్ అవసరం లేదు. పర్మిట్ అక్కర్లేదంటే మిగతావి అక్కర్లేదని కాదు. రిజిస్ట్రేషన్, ఎఫ్‌సీ, ఇన్సూరెన్స్ అన్నిటికీ ఉండాలి.

మూడు రకాల పర్మిట్లు

ఒకటి, సొంత రాష్ట్రంలో మాత్రమే తిరగడానికి ఇచ్చే సరుకు రవాణా పర్మిట్. ఊరి చుట్టుపక్కల ఇసుక, కంకర, ధాన్యం తోలేవాళ్లకు ఇది చాలు.

రెండు, కౌంటర్ సిగ్నేచర్. మన రాష్ట్ర పర్మిట్‌ను పక్క రాష్ట్రం వాళ్లు కూడా ఒప్పుకొని సంతకం పెట్టడం. ఇది రెండు రాష్ట్రాల మధ్య ఒప్పందం ఉంటేనే దొరుకుతుంది. ఎన్ని బండ్లకు ఇవ్వాలో కూడా ఆ ఒప్పందంలోనే ఉంటుంది. మీ లారీ ఎప్పుడూ ఒకే పక్క రాష్ట్రానికి పోయేదైతే ఈ దారి ఉందో లేదో ముందు మీ ఆర్టీఓ ఆఫీసులో అడగండి.

మూడు, నేషనల్ పర్మిట్. 88వ సెక్షన్‌లోని 12వ ఉపసెక్షన్ కింద దూరప్రాంత రవాణా కోసం ఇచ్చేది. దేశమంతా తిరగవచ్చు. ప్రతి రాష్ట్రంలో వేరే టాక్సు కట్టనక్కర్లేదు. సరిహద్దు ఊళ్లలో లారీ నడిపేవాళ్లలో ఎక్కువమంది చివరికి తీసుకునేది ఇదే కాబట్టి ఇక్కడినుంచి దీని గురించే రాస్తాను.

ముందుగా తేల్చుకోవలసింది: సొంత రాష్ట్రం ఏది?

నేషనల్ పర్మిట్ ఉంటే ఎక్కడైనా లోడు వేసుకోవచ్చు అని మనవాళ్లలో గట్టి నమ్మకం ఉంది. ఆ మాట పూర్తిగా నిజం కాదు. సొంత రాష్ట్రం కాని మరో రాష్ట్రంలో, ఆ రాష్ట్రంలోనే ఒకచోట లోడు ఎత్తి అదే రాష్ట్రంలో ఇంకోచోట దించకూడదు. ఇది నేషనల్ పర్మిట్ షరతు.

ఊరి పేర్లతో చెబితే తేలిగ్గా అర్థమవుతుంది. కేఏ 34 నంబరున్న బళ్లారి లారీ బళ్లారిలో ఎత్తి గుంతకల్లులో దించవచ్చు. గుంతకల్లులో ఎత్తి బళ్లారికి గానీ, హొసపేటకు గానీ తేవచ్చు. కానీ ఆదోనిలో ఎత్తి గుంతకల్లులో దించకూడదు. రెండూ ఆంధ్రలోనివే. ఖాళీగా తిరిగి రావడం ఎందుకని దారిలో దొరికిన చిన్న లోడు వేసుకుంటే పర్మిట్ షరతు తప్పినట్టే.

అదే లారీ విజయవాడలో ఎత్తి హైదరాబాదులో దించవచ్చు. 2014 జూన్ 2 తరువాత అవి రెండు రాష్ట్రాల ఊళ్లు. అంతకుముందు అదే లోడు ఒకే రాష్ట్రంలోని రెండు ఊళ్ల మధ్య లోడు కింద లెక్కకు వచ్చేది. పాత డ్రైవర్లు కొందరు ఇప్పటికీ ఆ పాత లెక్కే చెబుతుంటారు.

యానాం వాళ్లు ఈ షరతును అందరికంటే జాగ్రత్తగా చూసుకోవాలి. పీవై 04 బండికి సొంత ప్రాంతం పుదుచ్చేరి. ఊరు దాటితే చుట్టూ ఆంధ్రే. యానాం నుంచి కాకినాడకు, కాకినాడ నుంచి యానాంకు తోలవచ్చు. కాకినాడ రేవులో ఎత్తిన సరుకు రాజమండ్రిలో దించడానికి మాత్రం ఆ బండి పనికిరాదు. సంపాదన అంతా గోదావరి జిల్లాల లోపలి కిరాయిల మీదే అనుకుంటే యానాంలో రిజిస్టరు చేసిన లారీ మీద పెట్టుబడి పెట్టే ముందు ఆలోచించుకోవాలి.

బరంపురం లారీకి ఇచ్ఛాపురం నుంచి విశాఖకు, రాయగడ లారీకి పార్వతీపురం నుంచి విజయనగరానికి, హొసూరు లారీకి కుప్పం నుంచి చిత్తూరుకు ఇదే షరతు. సోలాపూరు నుంచి తువాళ్లు, చద్దర్లు హైదరాబాదుకు తోలే లారీకి ఇబ్బంది లేదు. రిటర్న్ లోడు హైదరాబాదులో ఎత్తి జహీరాబాదులో దించితేనే ఇబ్బంది.

"అయితే మా బావమరిది అడ్రసు మీద ఆంధ్రలోనే రిజిస్టరు చేయిస్తాను" అంటారు కొందరు. నిజంగా అక్కడ వ్యాపార స్థలం ఉండి, బండి అక్కడే ఉంచితే తప్పు లేదు. 40వ సెక్షన్ ప్రకారం యజమాని ఉండే చోటో, వ్యాపారం చేసే చోటో, బండి మామూలుగా ఉంచే చోటో ఉన్న రాష్ట్రంలోనే రిజిస్టరు చేయించాలి. ఉత్త అడ్రసు కోసం దొంగ అద్దె పత్రం పెడితే ఆ రిజిస్ట్రేషన్ రద్దు చేసే అధికారం వాళ్లకుంది. పైగా అప్పుడు మీరున్న రాష్ట్రమే మీ లారీకి బయట రాష్ట్రం అవుతుంది. బళ్లారిలో ఉంటూ బళ్లారి నుంచి బెంగళూరుకు కిరాయి తోలలేరు. టాక్సు తక్కువని దూరపు రాష్ట్రాల నంబర్లు వేయించుకునేవాళ్లకూ ఇదే వర్తిస్తుంది. ఒక రాష్ట్రం నంబరున్న బండిని మరో రాష్ట్రంలో 12 నెలలకు మించి ఉంచితే కొత్త నంబరు తీసుకోవాలని 47వ సెక్షన్ చెబుతోంది.

కాబట్టి షోరూముకు పోయే ముందు ఒక కాగితం మీద మీకు ఖాయంగా దొరికే కిరాయిలు రాసుకోండి. ఎక్కడ ఎత్తడం, ఎక్కడ దించడం, ఆ రెండు ఊళ్లు ఏ రాష్ట్రంలో. పది వరుసలు రాస్తే ఏ రాష్ట్రంలో రిజిస్టరు చేయాలో, ఏ పర్మిట్ కావాలో మీకే తేలిపోతుంది.

పేరు సంగతి

ఇది ముఖ్యంగా మనలాంటివాళ్లకు వచ్చే చిక్కు. ఉదాహరణకు పసుపులేటి వెంకటరమణ, తండ్రి రంగయ్య అనుకుందాం. తమిళనాడులో చదువుకుంటే సర్టిఫికెట్‌లో తండ్రి పేరు మొదటి అక్షరం ఇనీషియల్‌గా వస్తుంది. ఇంట్లో పాత దస్తావేజుల్లో ఇంటిపేరు ఇనీషియల్ ఉంటుంది. మహారాష్ట్రలో మధ్యలో తండ్రి పేరు, చివర ఇంటిపేరు రాస్తారు. ఒడిశాలోనూ ఇంటిపేరు చివరికి పోతుంది. ఒకే మనిషికి ఆధార్‌లో ఒక పేరు, పాన్‌లో ఒకటి, డ్రైవింగ్ లైసెన్సులో మరొకటి.

పర్మిట్ ఎప్పుడూ ఆర్సీలో ఉన్న యజమాని పేరునే వస్తుంది. ఇన్సూరెన్స్, ఫైనాన్స్ కాగితాలు కూడా అదే పేరుతో ఉండాలి. వాహన్ పోర్టల్‌లో ఇప్పుడు చాలా పనులు ఆధార్‌తో జరుగుతున్నాయి. పేరు కలవకపోయినా, ఆధార్‌కు ఇచ్చిన ఫోను నంబరు చేతిలో లేకపోయినా పని అక్కడే ఆగుతుంది. బండి కొన్నాక పేరు దిద్దించుకోవాలంటే ఫైనాన్స్ కంపెనీ ఒప్పుకోలు నుంచి మొదలుపెట్టాలి. కొనే ముందే ఆధార్, పాన్, బ్యాంకు పుస్తకం మూడూ అక్షరం తేడా లేకుండా ఒకే తీరుగా చేయించుకోండి. బిల్లు కూడా అదే పేరుతో రాయించుకోండి.

అన్నదమ్ములు కలిసి కొంటే ఒకరి పేరు మీద పెట్టి నోటిమాట మీద నడపడం మనలో మామూలే. చట్టం కంటికి ఓనరు ఒక్కడే. కేసు వచ్చినా, అప్పు వచ్చినా అతని మీదే. వాటాలు నిజంగా ఉంటే భాగస్వామ్య పత్రం రాసుకొని సంస్థ పేరు మీద రిజిస్టరు చేయించడం అందరికీ మేలు.

కాగితాల వరుస

ఒక కాగితం చేతికి వస్తేనే తరువాతిది వస్తుంది. వరుస ఇదీ.

1. బిల్లు, ఫారం 21 (అమ్మకం సర్టిఫికెట్), ఫారం 22 (బండి రోడ్డుకు తగినదని కంపెనీ ఇచ్చేది). చాసిస్ కొని బాడీ కట్టిస్తే బాడీ కట్టినవాళ్ల దగ్గర ఫారం 22ఏ కూడా తీసుకోవాలి.

2. తాత్కాలిక రిజిస్ట్రేషన్. బాడీ కట్టించేటప్పుడు దీని గడువు చూసుకోండి. గడువు దాటిన బండిని రోడ్డు మీదకు తీసుకుపోతే దొంగతనం క్లెయిమ్ కూడా పోతుందని 2021లో సుశీల్ కుమార్ గోదారా కేసులో సుప్రీం కోర్టు తీర్పు ఇచ్చింది.

3. ఇన్సూరెన్స్. థర్డ్ పార్టీ తప్పనిసరి. డ్రైవరు, క్లీనరు ఇద్దరికీ కవర్ ఉందో లేదో పాలసీ కాగితంలో చదవండి.

4. రిజిస్ట్రేషన్ దరఖాస్తు, ఫారం 20. ఫైనాన్స్ ఉంటే హైపోథికేషన్ ఇందులోనే ఎక్కుతుంది. ఇక్కడే నామినీ పేరు కూడా రాయించవచ్చు. 2021 నుంచి ఆ వీలు ఇచ్చారు. మరిచిపోకుండా రాయించండి, ఎందుకో కింద చెబుతాను.

5. ఎఫ్‌సీ, అంటే ఫిట్‌నెస్ సర్టిఫికెట్, ఫారం 38. 56వ సెక్షన్ ప్రకారం ఎఫ్‌సీ లేని రవాణా వాహనానికి రిజిస్ట్రేషన్ ఉన్నా లేనట్టే. స్పీడ్ గవర్నర్, వెనకా పక్కలా మెరిసే టేపు లేకపోతే బ్రేక్ ఇన్‌స్పెక్టర్ దగ్గర బండి నిలబడిపోతుంది.

6. సొంత రాష్ట్రం టాక్సు. నేషనల్ పర్మిట్ ఫీజు కడితే బయట రాష్ట్రాల టాక్సు తప్పుతుంది. సొంత రాష్ట్రం టాక్సు తప్పదు.

7. ఇవన్నీ ఉన్నాక పర్మిట్.

నేషనల్ పర్మిట్ దరఖాస్తు, ఫీజు

పర్మిట్‌కు దరఖాస్తు ఫారం 48. దేశమంతా తిరిగే ఆథరైజేషన్‌కు ఫారం 46. వాళ్లిచ్చే ఆథరైజేషన్ కాగితం ఫారం 47. ఇప్పుడివన్నీ పరివాహన్ పోర్టల్‌లోనే నింపుతారు. ఫారాల నంబర్లు తెలిసుంటే ఏజెంటు ఏ పని చేశాడో, దేనికి డబ్బు అడుగుతున్నాడో మీకు తెలుస్తుంది.

2010కి ముందు ఏయే రాష్ట్రాలకు పోతారో ఎంచుకొని, రాష్ట్రానికొక బ్యాంకు డ్రాఫ్టు తీయవలసి వచ్చేది. సొంత రాష్ట్రంతో కలిపి కనీసం నాలుగు రాష్ట్రాలు ఉండాలి. ఎంచుకోని రాష్ట్రంలోకి పోతే కేసే. 2010 మే 8 నుంచి కొత్త పద్ధతి వచ్చింది. ఏడాదికి ఒకే మొత్తం కడితే దేశమంతా చెల్లుతుంది. మొదట రూ. 15,000 ఉండేది. 2012 ఏప్రిల్ నుంచి రూ. 16,500 చేశారు. దీనికి తోడు ఏటా ఆథరైజేషన్ ఫీజు రూ. 1,000 ఉంటుంది. ఆన్‌లైన్‌లో కట్టగానే వచ్చే రసీదును డౌన్‌లోడ్ చేసి పెట్టుకోండి. ఇంతకు మించి ఎవరైనా అడిగితే అది ఏజెంటు కూలీ. అది ఎంతో ముందే మాట్లాడుకోండి.

పాత చలాన్లు, టాక్సు బకాయిలు ఉంటే దరఖాస్తు ముందుకు పోదు. ముందు రోజే బండి నంబరు కొట్టి చూసుకోండి.

పర్మిట్ వచ్చాక బండి మీద నేషనల్ పర్మిట్ అని గానీ, దాని రెండు పొడి అక్షరాలు గానీ రాయించాలి.

ఐదేళ్లది ఒకటి, ఏడాదిది ఒకటి

మనవాళ్లు ఎక్కువగా తడబడేది ఇక్కడే. పర్మిట్ ఐదేళ్లకు ఇస్తారు. ఆథరైజేషన్ ఏడాదికే. పర్మిట్ మీద ఐదేళ్ల తేదీ చూసి నిశ్చింతగా ఉంటే ఏడాది తరువాత బయట రాష్ట్రంలో బండి పర్మిట్ లేని బండే అవుతుంది.

గడువులు ఒకచోట:

పర్మిట్: ఐదేళ్లు. రెన్యువల్‌కు గడువు ముగియడానికి కనీసం 15 రోజుల ముందే దరఖాస్తు చేయాలి.
ఆథరైజేషన్: ఏడాది.
ఎఫ్‌సీ: బండికి ఎనిమిదేళ్లు వచ్చేదాకా రెండేళ్లకొకసారి, ఆ తరువాత ఏటా.
ఇన్సూరెన్స్: పాలసీలో ఉన్న తేదీ, సాధారణంగా ఏడాది.
డ్రైవరు రవాణా లైసెన్సు: ఐదేళ్లు.
పొల్యూషన్ సర్టిఫికెట్: దాని మీద ఉన్న తేదీ.

ఒక అట్ట మీద ఈ ఆరు తేదీలు రాసి ఇంట్లో క్యాలెండరు పక్కన తగిలించండి. ఓనరు రోడ్డు మీద ఉన్నా ఇంట్లో ఆడవాళ్లో పిల్లలో చూసి గుర్తుచేస్తారు.

లైసెన్సు మాట వచ్చింది కాబట్టి ఒక సంగతి. మామూలు లైట్ మోటార్ వెహికల్ లైసెన్సుతో 7,500 కిలోల గ్రాస్ బరువు లోపు రవాణా బండి నడపవచ్చని 2024 నవంబరు 6న సుప్రీం కోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. అంతకు మించిన లారీకి ఆ తరగతి లైసెన్సే కావాలి.

పాత లారీ కొనేవాళ్లకు

మొదటి లారీ చాలామంది సెకండ్ హాండే కొంటారు. తప్పు లేదు. కానీ నిబంధనల్లో 88వ రూలు ప్రకారం 12 ఏళ్లు దాటిన మామూలు లారీకి నేషనల్ పర్మిట్ ఉండదు. మల్టీ యాక్సిల్ బండికి 15 ఏళ్లు. పదకొండేళ్ల లారీ చవకగా వస్తోందని కొంటే నేషనల్ పర్మిట్ మీద ఏడాదే తిరుగుతుంది. తరువాత సొంత రాష్ట్రం పర్మిట్ మీద నడపాలి. ధర మాట్లాడేటప్పుడు ఈ లెక్క వేసుకోండి.

పాత ఓనరు పర్మిట్ దానంతట అది మీకు రాదు. ఆర్సీ మార్పు (ఫారం 29, 30) వేరు, పర్మిట్ మార్పు వేరు. బయట రాష్ట్రం బండి అయితే ఫారం 28లో ఎన్ఓసీ కావాలి. పాత ఫైనాన్స్ తీరినట్టు ఫారం 35 లేకుండా అడ్వాన్సు తప్ప పైసా ఇవ్వకండి.

పర్మిట్ లేకపోతే ఏమవుతుంది?

192ఏ సెక్షన్ ప్రకారం పర్మిట్ లేకుండా, లేదా షరతు తప్పి నడిపితే మొదటిసారి రూ. 10,000 జరిమానా, ఆరు నెలల దాకా జైలు శిక్ష కూడా వేయవచ్చు. ఓవర్ లోడుకు 194వ సెక్షన్ కింద రూ. 20,000, ఎక్కువైన ప్రతి టన్నుకు ఇంకో రూ. 2,000, పైగా ఎక్కువ సరుకు దించే ఖర్చు. ఒక ట్రిప్పులో రెండు టన్నులు అదనంగా వేస్తే వచ్చే కిరాయి ఎంతో, ఈ జరిమానా ఎంతో మీరే లెక్కగట్టండి.

జరిమానా ఒక నెల సంపాదనతో తీరుతుంది. అసలు భయపడవలసింది ప్రమాదం జరిగినప్పుడు. 2018లో అమృత్ పాల్ సింగ్ కేసులో సుప్రీం కోర్టు ఒక మాట తేల్చింది. పర్మిట్ లేకుండా బండి నడపడం ఇన్సూరెన్స్ ఒప్పందాన్ని మూలంలోనే ఉల్లంఘించడం. అప్పుడు బాధితులకు కంపెనీ డబ్బు కట్టినా, ఆ మొత్తాన్ని తిరిగి ఓనరు దగ్గర వసూలు చేసుకోవచ్చు. ఒక ప్రాణం పోయిన కేసులో పరిహారం లక్షల్లో ఉంటుంది. లారీ అమ్మినా తీరదు, ఇంటి మీదకు వస్తుంది. ఏడాదికి రూ. 17,500 కట్టడం బరువనిపించినప్పుడు ఈ లెక్క గుర్తుతెచ్చుకోండి.

ఇంకో సంగతి. పెళ్లికో, జాతరకో మనుషుల్ని లారీలో ఎక్కించుకుపోవడం ఇంకా పూర్తిగా పోలేదు. సరుకు బండిలో ప్రయాణికులుగా ఎక్కినవాళ్లకు పరిహారం కట్టే బాధ్యత ఇన్సూరెన్స్ కంపెనీకి లేదని ఆశారాణి కేసులో సుప్రీం కోర్టు ఎప్పుడో చెప్పింది. సరుకు ఓనరో, అతని తరఫు మనిషో వెంట వస్తే వేరు. బంధువులను మొహమాటానికి ఎక్కించుకుంటే వాళ్లకూ నష్టం, మీకూ నష్టం.

రోడ్డు మీద చేతిలో ఉండవలసినవి

ఆర్సీ, ఎఫ్‌సీ, పర్మిట్, ఆథరైజేషన్, ఇన్సూరెన్స్, పొల్యూషన్, డ్రైవరు లైసెన్సు. ఇవి డిజీలాకర్‌లోనో ఎంపరివాహన్‌లోనో చూపించినా చెల్లుతాయి. అయినా జిరాక్సుల కట్ట ఒకటి క్యాబిన్‌లో ఉంచండి. సిగ్నల్ లేనిచోట అదే పనికొస్తుంది.

సరుకుకు బిల్లు, లారీ ఆఫీసు ఇచ్చే బిల్టీ, ఈ వే బిల్లు ఉండాలి. రాష్ట్రం దాటే సరుకు విలువ రూ. 50,000 మించితే ఈ వే బిల్లు తప్పదు. దాని గడువు 200 కిలోమీటర్లకు ఒక రోజు లెక్కన ఉంటుంది. బండి చెడిపోయి సరుకు వేరే లారీలోకి మార్చితే ఈ వే బిల్లులో బండి నంబరు కూడా మార్పించాలి. టోల్‌కు ఫాస్టాగ్ ఆర్సీలో ఉన్న నంబరు మీదే ఉండాలి.

లారీ ఆఫీసు పెట్టాలనుకుంటే

ఒకటి రెండు లారీలు కొన్నాక మనవాళ్లు తరువాత వేసే అడుగు బుకింగ్ ఆఫీసు. దానికి పర్మిట్ చాలదు. రోడ్డు రవాణా చట్టం (2007) కింద కామన్ క్యారియర్‌గా రిజిస్టరు కావాలి. పాత 1865 చట్టం స్థానంలో వచ్చిన ఈ చట్టం 2011 మార్చి 1 నుంచి అమల్లో ఉంది. బుకింగ్ కంపెనీలు, ఏజెంట్లు, బ్రోకర్లు, కొరియర్లు అందరూ దీని కిందికి వస్తారు. రిజిస్ట్రేషన్ పదేళ్లకు ఇస్తారు. సొంతంగా బిల్టీ రాయడం మొదలుపెడితే జీఎస్టీలో మీరు రవాణా ఏజెన్సీ లెక్కలోకి వస్తారు. ఉత్తగా లారీని ఏజెన్సీకి కిరాయికిచ్చే ఓనరుకు ఆ కిరాయి మీద జీఎస్టీ లేదు. ఆదాయపు పన్నులోనూ పది లారీలకు మించని ఓనరుకు లెక్కల పుస్తకాలు అక్కర్లేకుండా బండికింత అని చూపే పద్ధతి ఉంది. ఈ రెంటికీ దగ్గరలోని ఆడిటరును ఒకసారి కలవడం మంచిది.

ఓనరు చనిపోతే

ఇంట్లో ఎవరికీ ఆలోచించాలని ఉండని విషయమిది. అందుకే గడువు తప్పుతుంది. 82వ సెక్షన్ ప్రకారం పర్మిట్ ఉన్న మనిషి చనిపోతే వారసులు మూడు నెలల పాటు అదే పర్మిట్ మీద లారీ నడుపుకోవచ్చు. దానికొక షరతు ఉంది. చనిపోయిన 30 రోజుల్లోపల ఆర్టీఓకు ఆ సంగతి, బండి నడుపుకుంటామన్న మాట రాసివ్వాలి. మూడు నెలల్లోగా పర్మిట్ మార్పుకు దరఖాస్తు చేయాలి. ఆర్సీ మార్పుకు ఫారం 31, దానికీ మూడు నెలలే.

పెద్దకర్మ అయ్యేసరికి సగం నెల పోతుంది. ఆ తరువాత డెత్ సర్టిఫికెట్, వారసుల సర్టిఫికెట్. వాటిలో పేరు ఆర్సీలో ఉన్నట్టే ఉండాలి. పైన పేరు సంగతి, నామినీ సంగతి అంత గట్టిగా రాయడానికి కారణం ఇదే. ఈలోగా లారీ నిలబెట్టినా ఫైనాన్స్ వాయిదా నిలబడదు. కాబట్టి మిగతా కాగితాలకు ఎదురుచూడకుండా 30 రోజుల ఉత్తరం మాత్రం ముందు ఇవ్వండి. తెల్లకాగితం మీద బండి నంబరు, పర్మిట్ నంబరు, చనిపోయిన తేదీ, మీ చుట్టరికం రాసి, రెండో ప్రతి మీద ఆఫీసు ముద్ర, తేదీ వేయించుకొని ఇంట్లో దాచండి. ఆర్టీఓ కౌంటరులో కన్నడమో, తమిళమో, ఒడియానో, మరాఠీయో రాయవలసి వస్తే మన సంఘాల్లో రాసిపెట్టేవాళ్లు ఎక్కడికక్కడ ఉన్నారు. మొహమాటపడకుండా అడగండి.

ఫీజులు, గడువులు మారుతుంటాయి. కట్టే ముందు పరివాహన్ పోర్టల్‌లో ఆ రోజు చూపించే అంకెనే నమ్మండి. కొత్తగా లారీ కొంటున్న ఇంటివారికి శుభాకాంక్షలు. కొబ్బరికాయ కొట్టే రోజుకే పర్మిట్ కూడా చేతిలో ఉండేటట్టు చూసుకోండి.